కల్యాణ మండపంలో అగ్నిపర్వతం

జిల్లా పెద్దాసుపత్రిలో ‘ఇతరములు’ అన్న గడిని రద్దు చేసిన మరుసటి వారమే వంటమేస్త్రి అబ్బులు చెయ్యి కాల్చుకున్నాడు. ఆ కాల్చుకునేదేదో కాస్త ముందు కాల్చుకుని ఉంటే కథ ఇంతదూరం వచ్చేది కాదు. కానీ పెళ్లికైతే ముహూర్తం చూస్తారు గానీ, పెళ్లివంటలో చెయ్యి కాలడానికి ప్రభుత్వ సర్క్యులర్లు ఎవరు చూస్తారు?

ముందు ఆ గడి సంగతి చెప్పాలి. ఆసుపత్రిలో చేరిన ప్రతి మనిషికీ ఏం జబ్బు చేసింది, దేనివల్ల చేసింది అన్నదానికి ఒక కోడ్ నెంబరు ఇస్తారు. ఆ నెంబర్లన్నీ ‘సూక్ష్మ’ అనే కంప్యూటర్ ప్రోగ్రాంలోకెక్కి రాజధానికి వెళ్తాయి. అక్కడ వాటిని చూడ్డానికి పరాంకుశం గారని ఒక ప్రత్యేకాధికారి ఉన్నారు. కిందటి ఏడాది లెక్కలు ఆయన చూసేసరికి జిల్లాలో సగానికి సగం మంది ‘ఇతరములు’ కింద జబ్బుపడి ఉన్నారు. ఆయన మనసు చివుక్కుమంది.

“మనుషులు జబ్బుపడ్డానికి ఇన్ని వేల కారణాలు మనం ఎంతో శ్రమపడి సిద్ధం చేసి పెడితే, అవన్నీ వదిలేసి ఇతరములతో వస్తారా? ఇది ప్రజల్లో పేరుకుపోయిన నిర్లక్ష్య ధోరణికి నిదర్శనం,” అని ఆయన వీడియో కాన్ఫరెన్సులో అన్నారు. ఆ సాయంత్రానికే ఉత్తర్వు దిగింది. ఇకమీదట ఆసుపత్రిలో ‘ఇతరములు’ లేవు.

ఉత్తర్వును సూపరింటెండెంట్ భుజంగరావు గారు అక్షరం పొల్లుపోకుండా అమలు చేశారు. ‘స్పష్టతా పక్షోత్సవాలు’ అని గేటుకి బ్యానరు కట్టించారు. ఓపీలో ‘ఇతర రోగులు’ అన్న క్యూ ఎత్తేశారు. అందులో నిలబడ్డవాళ్లని, ఏ క్యూ పొట్టిగా ఉంటే అందులోకి సర్దుకోమన్నారు. ఎక్కిళ్లతో వచ్చిన ఒక పెద్దాయన కళ్ల క్యూలో సర్దుకుని అద్దాలు పెట్టించుకుని వెళ్లాడు. క్యాంటీన్ బోర్డు మీద ‘టీ, కాఫీ, ఇతరములు’ అని ఉండేది. ఆ చివరి మాట మీద సున్నం కొట్టాక ఇడ్లీ అమ్మడానికి కుదర్లేదు. ఇడ్లీలు గాజుబీరువాలో ఎదురుగానే కనపడుతుండేవి.

కాలినగాయాల వార్డుకి పెద్ద డాక్టరు హైమావతి గారు. ఆవిడ ఆ సర్క్యులర్ మీద సంతకం పెట్టి పక్కన పడేశారు. మా వార్డుకి వచ్చేవాళ్లు అందరూ కాలి వస్తారు, ఇందులో ఇతరములేమున్నాయి అని ఆవిడ ధీమా. కోపం వస్తే కళ్లద్దాలు తీసి చీరకొంగుతో తుడవడం ఆవిడకి అలవాటు. ఆ రోజు తుడవలేదు.

తుడవాల్సిన రోజు ఒక పెళ్లితో వచ్చింది.

ఊరి చివర కల్యాణ మండపంలో పెళ్లి. చారు గుండిగని కర్రకి తగిలించి అబ్బులు వెనకా, అతని అసిస్టెంటు ముందూ భుజాన వేసుకుని వడ్డన దగ్గరికి మోస్తున్నారు. పైన వీడియోవాళ్ల డ్రోన్ ఎగురుతోంది. అది కిందికి వాలి తనవైపు తిరిగేసరికి అసిస్టెంటుకి జన్మ ధన్యమైనట్టు తోచి, ఒక చేత్తో క్రాపు సవరించుకున్నాడు. కర్ర ఒరిగింది. గుండిగ ఊగింది. పక్కనే పిల్లలు భోజనానికి కూచున్న బంతి ఉంది. అటు పోకుండా అబ్బులు కుడిచెయ్యి అడ్డం పెట్టి గుండిగని తనవైపు లాక్కున్నాడు. పిల్లలకి చుక్క కూడా పడలేదు. అబ్బులు చెయ్యి మాత్రం వేళ్ల దగ్గర్నించి మోచెయ్యి దాకా ఉడికిపోయింది.

హైమావతి చెయ్యి చూసి, వేళ్లు కదపమని, సూదితో తాకి చూసి, అతని భార్య నూకరత్నాన్ని పక్కకి పిలిచారు.

“చూడమ్మా, లోతుగా కాలింది. కాలిన తోలు తీసేసి, తొడ మీంచి పల్చగా చర్మం తీసి ఇక్కడ అతికించాలి. రెండు ఆపరేషన్లు పడతాయి. త్వరగా చేస్తే చెయ్యి చేతిలా ఉంటుంది. ఆలస్యం అయితే చీము పడుతుంది. లేదా వేళ్లు లోపలికి ముడుచుకుపోయి అలా ఉండిపోతాయి.”

“ముడుసుకుపోతే గరిటి అట్టుకోలేడు గదండీ,” అంది నూకరత్నం. “ఆయనకి ఇంకో పని రాదండి డాక్టరమ్మగారూ. ఆయ్, అసలు ఇంకో పని ఉందన్న సంగతే తెలవదండి ఆయనకి.”

“రేపే చేసేస్తాను. భయపడకు,” అన్నారు హైమావతి. ఆవిడ చేతిలో ఉన్నదే చెప్పారు, పాపం. కంప్యూటర్ చేతిలో ఉన్నది ఆవిడకింకా తెలీదు.

ఆపరేషన్ థియేటర్ జాబితా ఇప్పుడు ‘సూక్ష్మ’లోంచే వస్తుంది. కోడ్ ఖరారైతేనే పేరు జాబితాకెక్కుతుంది. అప్పటిదాకా నొప్పికి ఇంజెక్షనూ, కట్టూ, అంతే. కోడ్ ఖరారు చేసే నోడల్ అధికారి తారకేశ్వర్రావు. మెడలో ట్యాబ్ వేలాడేసుకుని వార్డు వార్డూ తిరుగుతుంటాడు. అతను లంచగొండి కాడు, సోమరి కాడు, ఎవరి మీదా కక్ష ఉన్నవాడూ కాడు. అదే వచ్చిన చిక్కు. కంప్యూటర్‌కి కూడా అబద్ధం చెప్పని మనిషి.

“దేనివల్ల కాలింది మేడమ్?” అన్నాడు, వేలు ట్యాబ్ మీద సిద్ధంగా పెట్టుకుని.

“చారు.”

తారకేశ్వర్రావు వెతికాడు. వేడి నీరు ఉంది. వంటనూనె ఉంది. వేడి ఆహారం ఉంది. వేడి పానీయం ఉంది. చారు లేదు.

“వేడి ఆహారం అని కొట్టండి,” అన్నారు హైమావతి.

“ఎలా కొడతాను మేడమ్? మా ఇంట్లో చారు గ్లాసులో పోసుకు తాగుతాం. అది పానీయం.”

“అయితే పానీయం అని కొట్టండి.”

“పెళ్లిలో అన్నంలో పోస్తారు కదా మేడమ్. విస్తట్లోకి వచ్చాక ఆహారం.”

“విస్తట్లోకి ఎక్కడొచ్చిందయ్యా? దార్లోనే ఒలికిపోతేనూ!”

“అదే చెబుతున్నాను మేడమ్. దార్లో ఉన్న చారు ఇంకా ఏదీ కాదు,” అన్నాడు తారకేశ్వర్రావు బాధగా. “పాత రోజుల్లో అయితే ఇలాంటివాటికి ఇతరములు ఉండేవి.”

హైమావతి కళ్లద్దాలు తీసి తుడిచారు.

మర్నాడు భుజంగరావు గారి గదిలో చారు నిర్ధారణ కమిటీ కూచుంది. సూపరింటెండెంట్ గారు అధ్యక్షులు. తారకేశ్వర్రావు కన్వీనరు. ఆసుపత్రి వంటశాల చూసే డైటీషియన్ మంజులవాణి నిపుణురాలు. హైమావతిని ఆహ్వానితురాలిగా పిలిచారు. ఆహ్వానితులకి టీ ఉంటుంది, ఓటుండదు.

“మిత్రులారా,” అని మొదలుపెట్టారు భుజంగరావు గారు, “చారు మన సంస్కృతిలో అంతర్భాగం. ఈ అంశాన్ని మనం ఉద్వేగాలకు అతీతంగా, శాస్త్రీయ దృక్పథంతో పరిశీలించవలసి ఉంది. నేను వ్యక్తిగతంగా తాగుతాను. అది వేరే విషయం.”

మంజులవాణి, చిక్కదనాన్ని బట్టి నిర్ణయించాలంది. గరిటె ఎత్తితే ధార కట్టేది పానీయం, ముద్ద కట్టేది ఆహారం. మరి చారు అడుగున పప్పు తేట ఉంటుంది కదా అని తారకేశ్వర్రావు అడ్డం వేశాడు. అయితే పైభాగం పానీయం, అడుగుభాగం ఆహారం అని భుజంగరావు గారు రాజీ కుదిర్చారు. అప్పుడు అబ్బులు చేతిమీద పడింది గుండిగలో పైభాగమా, అడుగుభాగమా అన్న ప్రశ్న వచ్చింది. సాక్షిగా నూకరత్నాన్ని లోపలికి పిలిపించారు.

“అమ్మా, నీ భర్త చారు కాచినప్పుడు, దాన్ని జనం తినాలనే ఉద్దేశంతో కాచాడా, తాగాలనే ఉద్దేశంతో కాచాడా? ఆలోచించి చెప్పు,” అన్నారు భుజంగరావు గారు.

నూకరత్నం నలుగురి మొహాలూ చూసింది.

“ఉద్దేశవేటండీ బాబూ! చారెడతారు, జనం పోసుకుంటారండి. కొందరు జుర్రుకుంటారండి.”

“జుర్రుకోవడం!” అన్నాడు తారకేశ్వర్రావు. అది తినడమా తాగడమా అన్నది ఆ పూటంతా నడిచింది. చివరికి రాజధానికి స్పష్టత కోరుతూ రాయాలని తీర్మానించారు. ముందుజాగ్రత్తగా మజ్జిగపులుసు మీద ఒక ఉపకమిటీ కూడా వేశారు.

“స్పష్టత ఎప్పుడొస్తుంది సార్?” అని హైమావతి అడిగారు.

“రావలసినప్పుడు వస్తుందమ్మా హైమావతీ. నేనూ డాక్టర్నే, నాకు తెలీదా నీ ఆత్రం? కానీ తప్పు కోడ్ పడిందంటే మన ఆసుపత్రి ర్యాంకు ఏమవుతుంది?”

ఆవిడ వార్డుకొచ్చి అబ్బులు కట్టు విప్పి చూశారు. పచ్చగా ఉంది. వాసన మొదలైంది. చిటికెనవేలు అప్పుడే లోపలికి లాగుతోంది. అబ్బులు పళ్లు బిగబట్టి పైకప్పు చూస్తూ పడుకున్నాడు. ఏడవడం లేదు. ఏడిస్తే బాగుండుననిపించింది ఆవిడకి.

“డాక్టరమ్మగారండి,” అన్నాడు. “నేను వంట రుచి సూడనండి. దేవుడికి పెట్టకుండా ఎంగిలి సెయ్యకూడదని మా నాన్న నేర్పాడండి. గరిటితో ఓ రెండు సుక్కలు సెయ్యి ఎనకాల ఏసుకుంటానండి. అది సుర్రుమన్న తీరుని బట్టి చారు దింపాలో ఇంకో పొంగు రానియ్యాలో తెలిసిపోద్దండి. ఆ సెయ్యే ఇదండి. మళ్లీ తెలుత్తాదంటారా?”

హైమావతి కట్టు మళ్లీ కట్టారు. తన గదిలోకి వెళ్లి తలుపేసుకుని, ‘సూక్ష్మ’ ముందు కూచున్నారు.

కారణాలన్నీ మొదట్నించీ చదివారు. మొసలి కరవడం ఉంది. ఓడ మునగడం ఉంది. తాబేలు తగలడం ఉంది. అన్నిటికీ పక్కన ‘నోడల్ అధికారి ఆమోదానికి లోబడి’ అని ఉంది. ఒక్క చోట మాత్రం లేదు. ‘ప్రకృతి వైపరీత్యములు: అత్యవసరం దృష్ట్యా నేరుగా ఖరారు.’ తుఫాన్లలో నోడల్ అధికారులు దొరకరని ఎవరో ముందుచూపున్నవాళ్లు పెట్టి ఉంటారు. తుఫాను, వరద, భూకంపం, కొండచరియ. వీటిలో చెయ్యి కాల్చగలిగేది ఆఖర్న ఉంది. అగ్నిపర్వతం.

హైమావతి అటూ ఇటూ చూశారు. గదిలో ఎవరూ లేరు. నొక్కారు.

‘లావా, బూడిద, ఆవిరి. వీటిలో ఏది?’ అని అడిగింది సూక్ష్మ. ఆవిడ నిజాయితీగా ఆలోచించారు. వేడివేడిగా, ఎర్రగా, కొండలాంటి గుండిగలోంచి పొంగి పారింది గనక, లావా అని కొట్టారు. తెర పచ్చగా మారి, ‘అభినందనలు. మీ కోడ్ సంపూర్ణ స్పష్టత కలిగి ఉంది’ అంది. థియేటర్ జాబితాలో అబ్బులు పేరు అందరికంటే పైకెక్కింది.

మొదటి ఆపరేషన్ బాగా జరిగింది. అతికించిన చర్మం పట్టింది. వేళ్ల మధ్య చెయ్యాల్సిన రెండోది వచ్చే వారం పెట్టుకున్నారు. నూకరత్నం ఆవిడ కాళ్లకి దణ్ణం పెట్టబోతే, “నాకు కాదమ్మా, అగ్నిపర్వతానికి పెట్టు,” అన్నారు. నూకరత్నానికి అర్థం కాకపోయినా తూర్పువైపు తిరిగి ఒక దణ్ణం పెట్టింది.

ఆ మధ్యాహ్నం విపత్తుల నివారణ కార్యాలయం నుంచి భుజంగరావు గారికి ఫోనొచ్చింది. లావా ఏ దిశగా ప్రవహిస్తోందని అడిగారు. ఆయన గుడ్లు తేలేసి, హైమావతి గదికి పరుగెత్తుకొచ్చారు.

“అమ్మా హైమావతీ, మన ఊళ్లో అగ్నిపర్వతం ఉందిటమ్మా! నీకేమైనా తెలుసా?”

“ఉన్నట్టే ఉంది సార్.”

ఆయన కుర్చీలో కూలబడ్డారు. లేదందామంటే ఆసుపత్రి తప్పు కోడ్ ఇచ్చినట్టవుతుంది. ఉందందామంటే తను ఆ మండపం వీధిలోంచే రోజూ స్కూటర్ మీద వస్తున్నారు. కక్కలేక మింగలేక, చివరికి ఫోన్ తీసి, “పరిస్థితి అదుపులో ఉంది,” అని చెప్పారు. ఇన్నేళ్ల సర్వీసులో ఆ మాట ఆయన్ని ఎప్పుడూ ముంచలేదు.

దాంతో ఊళ్లో అగ్నిపర్వతం అధికారికంగా వెలిసింది. కల్యాణ మండపం గోడకి ‘లావా ప్రభావిత ప్రాంతం, నెమ్మదిగా వెళ్లుము’ అని బోర్డు తగిలించారు. చుట్టుపక్కల బళ్లకి ఒంటిపూట ఇచ్చారు. లోకల్ కేబుల్ విలేకరి మండపం ముందు నిలబడి, తన వెనక పొగ వస్తోందని చెప్పాడు. పొగ నిజంగానే వస్తోంది. లోపల ఎవరిదో ఒడుగు, గారెలు వేయిస్తున్నారు.

ఇవన్నీ రాజధానికి చేరాయి. పరాంకుశం గారు స్వయంగా బయల్దేరారు.

ఆయన తెల్ల చొక్కా, మెరిసే బూట్లు, నెత్తిన హెల్మెట్‌తో దిగారు. సరాసరి మండపానికి వెళ్లి, పెరట్లో వంటకి తవ్విన గాడిపొయ్యిని టేపుతో కొలిపించారు. బూడిద కవర్లో వేయించారు. అగ్నిపర్వతం చివరిసారి ఎప్పుడు పొంగిందని వాచ్‌మన్‌ని అడిగారు. మాఘమాసం పెళ్లిళ్లకండి అన్నాడు వాడు. అక్కణ్ణించి వార్డుకొచ్చి, అబ్బులు మంచం పక్కనే కుర్చీ వేయించుకుని, నివేదిక చదివారు.

“క్షేత్రస్థాయి పరిశీలన అనంతరం, సదరు ప్రాంతంలో అగ్నిపర్వతం లేదని ఇందుమూలముగా నిర్ధారించడమైనది. కావున సదరు కోడ్ రద్దు. సదరు కోడ్ ఆధారంగా జరిగిన చికిత్స కూడా రద్దు. రోగికి యథాతథ స్థితి పునరుద్ధరించవలెను.”

“అంటే?” అన్నారు హైమావతి.

“రెండో ఆపరేషన్ ఉండదు. మొదటి ఆపరేషన్‌లో చేతికి అతికించిన చర్మాన్ని తీసి, ఎక్కణ్ణించి తెచ్చారో అక్కడ పెట్టవలెను. తొడకి.”

అబ్బులు కట్టు కట్టిన చెయ్యి గుండెకి హత్తుకున్నాడు. నూకరత్నం వచ్చి మంచానికీ ఆ కుర్చీకీ మధ్య అడ్డంగా నిలబడింది.

“ఏటండీ, బట్టలకి మాసికేసి ఇప్పేత్తున్నారేటండీ? మనిసి తోలండి అది!”

“అమ్మా, ఆవేశం వద్దు. ప్రభుత్వానికి నీ భర్త మీద ఎలాంటి ద్వేషమూ లేదు. చర్మం ఆయనదే, ఆయన దగ్గరే ఉంటుంది. కొంచెం పైన ఉన్నది కొంచెం కింద ఉంటుంది.”

హైమావతికి ఒళ్లు మండిపోయింది. కళ్లద్దాలు తీశారు గానీ తుడవడం మర్చిపోయారు.

“చారు పడి కాలిన మనిషండీ ఈయన! మీరే ఏదో ఒక గడి చెప్పండి. ఆహారమో, పానీయమో. ఇప్పుడే మార్చేస్తాను.”

పరాంకుశం గారు చిరునవ్వు నవ్వారు. “చారు అంత పని చేస్తుందంటారా? నేను పుట్టినప్పట్నించీ చారు పోసుకుంటున్నాను. ఎన్నడూ ఏమీ కాలేదు. ఇదంతా స్వయంగా పరీక్షించి చూడవలసిన అంశం. చారు ఉందా?”

ఉంది. అబ్బులు మధ్యాహ్నం భోజనానికి నూకరత్నం స్టీలు గిన్నెలో తెచ్చింది. కుతకుత ఉడికే స్థితిలో నమూనా కావాలన్నారాయన. సిస్టర్ల గదిలో పొయ్యి మీద మళ్లీ పొంగించి తెచ్చారు. “జాగ్రత్తండీ, మీరు పట్టుకోకండి, బల్ల మీద పెట్టించండి,” అని హైమావతి రెండుసార్లు అన్నారు. పరిశీలన అధికారి చేతిమీదుగానే జరగాలని నిబంధన ఉందట. ఆయన గుడ్డతో గిన్నె పట్టుకుని లేచి నిలబడ్డారు.

“సార్, నివేదికలోకి ఒక్క ఫొటో,” అన్నాడు తారకేశ్వర్రావు, ట్యాబ్ ఎత్తి. “సార్, ఒక్కసారి ఇటు.”

పరాంకుశం గారు హెల్మెట్ తీసి, ఒక చేత్తో క్రాపు సవరించుకున్నారు.

గిన్నె ఒరిగింది. చారు అంతా కుడి బూటులోకి, మేజోడులోకి, అందులో ఉన్న పాదంలోకి దిగింది. ఆయన పెట్టిన కేకకి కళ్ల క్యూలో ఉన్న కొత్త ఎక్కిళ్లాయనకి ఎక్కిళ్లు ఆగిపోయాయి.

హైమావతి క్షణం ఆలస్యం చెయ్యలేదు. బూటు లాగి, మేజోడు కత్తిరించి, పాదాన్ని చల్లటి నీళ్ల కింద పెట్టించారు. పాదం పైన బొబ్బలు లేస్తున్నాయి. కాలిన మనిషి ఎవరైనా ఆవిడకి కాలిన మనిషే.

“మందు!” అని అరిచారు పరాంకుశం గారు. “ఇంజెక్షన్! ఏదో ఒకటి చెయ్యండమ్మా!”

“ఇంజెక్షన్ ఇస్తున్నానండీ, కట్టూ కడతాను. అంతవరకే ఉత్తర్వు. బొబ్బలు శుభ్రం చెయ్యాలంటే థియేటర్‌కి తీసుకెళ్లాలి. దానికి కోడ్ కావాలి.”

తారకేశ్వర్రావు అప్పటికే ట్యాబ్ తెరిచాడు. అతని మొహంలో వెటకారం ఇసుమంతైనా లేదు.

“సార్, మీరు చారు తింటారా, తాగుతారా?”

“ఏదో ఒకటి రాయవయ్యా!”

“ఎలా సార్? స్పష్టత ఇంకా మీ కార్యాలయం నుంచే రావాలి.”

“ఇతరములు అని రాయి!”

“తమరే రద్దు చేశారు కద సార్.”

పరాంకుశం గారు పాదం వైపు చూసుకున్నారు. గడియారం వైపు చూశారు. భుజంగరావు గారి వైపు చూస్తే, ఆయన కిటికీలోంచి బ్యానరు చదువుకుంటున్నారు. చివరికి హైమావతి వైపు తిరిగి, గొంతు బాగా తగ్గించి అడిగారు.

“అమ్మా... ఇందాకటి ఆ గడి. దానికి ఆమోదం అక్కర్లేదు కదూ?”

“అక్కర్లేదండీ. కానీ మీరే స్వయంగా పరిశీలించి అగ్నిపర్వతం లేదని రాశారు.”

“తొందరపడ్డాను.”

“ఉందంటారా?”

“ఉందమ్మా.” ఆయన కళ్లలో నీళ్లు తిరిగాయి. “చురుగ్గానే ఉంది.”

నివేదిక మళ్లీ రాశారు. అందులో అగ్నిపర్వతం ఉంది. లావా ప్రవాహం ఆసుపత్రి కాలినగాయాల వార్డు దాకా విస్తరించినట్టు కూడా ఉంది. అబ్బులు కోడ్ ఖరారు, జరిగిన చికిత్స ఖరారు, జరగవలసిన చికిత్స ఖరారు. సంతకం పెట్టిన మరుక్షణం తెర పచ్చగా మారి ఆయన్ని అభినందించింది. ఇద్దర్నీ ఒకే రోజు థియేటర్‌కి తీసుకెళ్లారు. అబ్బులు ముందు, పరాంకుశం గారు తరవాత. జాబితా ఎవరి సిఫారసూ వినదు కదా.

అబ్బులు కట్టు చివరిసారి విప్పిన రోజు నూకరత్నం గిన్నె నిండా చారు తెచ్చింది. వేళ్లు అయిదూ చాపాడు. చిటికెనవేలు కొంచెం మొరాయించి, తరవాత అదీ వచ్చింది. గరిటె పట్టుకోమంటే పట్టుకున్నాడు. కొత్త చర్మం లేత వంకాయ రంగులో నిగనిగలాడుతోంది. హైమావతి ఊపిరి బిగబట్టి చూస్తున్నారు. చేతికి బలం వస్తుందని ఆవిడకి తెలుసు. అతనడిగిన ఆ స్పర్శ వస్తుందో రాదో ఏ డాక్టరూ ముందు చెప్పలేడు.

అబ్బులు గరిటె ఎడమచేతికి మార్చుకుని, గోరువెచ్చగా ఉన్న చారు రెండు చుక్కలు ఆ కొత్త చర్మం మీద వేసుకున్నాడు. కళ్లు మూసుకున్నాడు. నూకరత్నం అతని మొహంలోకి చూస్తూ నిలబడింది.

“సల్లారిపోయిందే,” అన్నాడు భార్యతో. “ఇంకో పొంగు రానియ్యాల్సింది.”

నూకరత్నం బావురుమంది. హైమావతి కళ్లద్దాలు తీసి తుడుచుకున్నారు. ఈసారి కోపంతో కాదు. సిస్టర్ నవ్వుతూ గిన్నె పట్టుకెళ్లి పొంగించి తెచ్చింది. అబ్బులు జాగ్రత్తగా మళ్లీ రెండే రెండు చుక్కలు వేసుకున్నాడు.

“అయ్ బాబోయ్! సుర్రుమందండీ!” అని అరిచాడు, ఆనందం పట్టలేక. “కాలిందండీ డాక్టరమ్మగారూ, కాలింది!”

గుమ్మంలోంచి వెళుతున్న తారకేశ్వర్రావు ఆగి, ట్యాబ్ తెరిచి, లోపలికొచ్చాడు.